పెద్ద డేటాబేస్ బొమ్మను చదవడం కూడా నేర్పండి

గౌరవ సంపాదకులకు నమస్కారం.

మధురవాడ, రుషికొండ ఐటీ కొండల మీది ఆఫీసుల్లో కొత్తగా చేరే ఇంజినీర్లకు మొదటి నెలలోనే ఎదురయ్యే ఒక ఇబ్బందిని మీ పాఠకుల ముందు, ముఖ్యంగా మన జిల్లా కాలేజీల్లో డీబీఎంఎస్ (డేటాబేస్ నిర్వహణ) పాఠం చెప్పే అధ్యాపకుల ముందు పెట్టాలని ఈ లేఖ రాస్తున్నాం. ల్యాబ్‌లో విద్యార్థి గీసే ఈఆర్ డయాగ్రమ్‌లో, అంటే టేబుళ్లను బాక్సులుగా, వాటి మధ్య సంబంధాలను గీతలుగా చూపే బొమ్మలో, ఐదారు బాక్సులుంటాయి. విద్యార్థి, కోర్సు, అధ్యాపకుడు, లైబ్రరీ పుస్తకం, అంతే. ఉద్యోగంలో చేరాక తెరిచే డేటాబేస్‌లో మూడు నాలుగు వందల టేబుళ్లుంటాయి. దాన్ని ఎవరో ఒకే డయాగ్రమ్‌గా దించి పెట్టి ఉంటారు. గీయడం వచ్చిన పిల్లలు ఆ బొమ్మ ముందు మౌస్ పట్టుకుని గంటల తరబడి అటూ ఇటూ జరుపుతూ ఉండిపోతారు. తప్పు వాళ్లది కాదు. చదవడం అనే పని ఒకటుందని వాళ్లకు ఎవరూ చెప్పలేదు.

ఇబ్బంది ఎంతటిదో ముందు లెక్కగట్టి చూద్దాం. 300 టేబుళ్లు, ఒక్కోదాంట్లో సగటున 12 కాలమ్‌లు అనుకోండి. వరుసకు 18 పిక్సెళ్లు, పైన పేరుకు ఇంకో వరుస. బాక్సు ఎత్తు 234 పిక్సెళ్లవుతుంది, వెడల్పు 220 అనుకుందాం. మధ్యలో గీతలు వెళ్లడానికి 80 పిక్సెళ్ల సందు వదిలితే ఒక్కో టేబుల్‌కు 300కి 314 పిక్సెళ్ల జాగా కావాలి. అడ్డంగా 20, నిలువుగా 15 పేరిస్తే బొమ్మ మొత్తం 6000కి 4710 పిక్సెళ్లు. ఆఫీసుల్లో ఉండే మామూలు ఫుల్ హెచ్‌డీ మానిటర్ 1920కి 1080. అంటే ఒకసారికి కంటికి ఆనేది బొమ్మలో పదమూడో వంతు కూడా ఉండదు. పైనున్న మెనూలు, పక్కనున్న ప్యానెళ్లు తీసేస్తే ఇంకా తగ్గుతుంది. అంతా ఒకే తెరలో ఇమడాలని జూమ్ తగ్గిస్తే 23 శాతం దగ్గరికి దిగాలి. అప్పుడు 12 పిక్సెళ్ల అక్షరం మూడు పిక్సెళ్లకు కుంచించుకుపోతుంది. కైలాసగిరి మీద నిలబడితే ఊరంతా కనిపిస్తుంది కానీ ఎంవీపీ కాలనీలో ఇంటి నంబరు కనిపించదు కదా, ఇదీ అంతే.

అందుకని జూమ్ పెంచి, స్క్రోల్ చేస్తూ ఒక గీత వెంట పడతారు. ఆ గీత తెర అంచు దాటిపోతుంది. దారిలో పది గీతలు దాన్ని అడ్డంగా దాటుతాయి. ఒక మలుపు దగ్గర కన్ను పక్క గీత మీదికి జారుతుంది. చివరికి చేరేది వేరే బాక్సు. అక్కడి నుంచి రాసే క్వెరీలో (డేటాబేస్‌ను అడిగే ప్రశ్నలో) జాయిన్, అంటే టేబుళ్లను కలిపే చోటు, తప్పవుతుంది. ఆ తప్పు ఎర్రర్‌గా బయటపడితే బాగుండేది, కానీ చాలాసార్లు అది అంకెల్లో దాక్కుంటుంది. ఒక ఇన్‌వాయిస్‌కు నాలుగు లైన్లు, మూడు చెల్లింపులు ఉన్నాయనుకోండి. లైన్ల టేబుల్‌కు, చెల్లింపుల టేబుల్‌కు నేరుగా సంబంధం లేదు, రెండూ ఇన్‌వాయిస్ హెడర్‌కే వేలాడుతున్నాయి. డయాగ్రమ్‌లో ఈ సంగతి గమనించకుండా మూడింటినీ ఒకే క్వెరీలో కలిపితే పన్నెండు వరుసలొస్తాయి. లైన్ల మొత్తం మూడింతలవుతుంది, చెల్లింపుల మొత్తం నాలుగింతలు. రిపోర్టు చక్కగా తెరుచుకుంటుంది, ఏ ఎర్రరూ రాదు.

పెద్ద మోడల్ (డేటాబేస్ నిర్మాణాన్ని చూపే ఫైల్) తెరిచాక మొట్టమొదట చేయాల్సింది కాలమ్‌లన్నీ దాచేయడం. మైక్రోసాఫ్ట్ విజువల్ స్టూడియోలోని ఎంటిటీ ఫ్రేమ్‌వర్క్ డిజైనర్‌లో (ఇందులో టేబుల్ బాక్సును ఎంటిటీ అంటారు) ఖాళీ చోట రైట్ క్లిక్ చేస్తే డయాగ్రమ్ మెనూలో ‘కొలాప్స్ ఆల్’ ఉంటుంది. ఎస్‌క్యూఎల్ సర్వర్ మేనేజ్‌మెంట్ స్టూడియో డయాగ్రమ్‌లలోనైతే అన్నిటినీ సెలెక్ట్ చేసి ‘టేబుల్ వ్యూ’లో ‘నేమ్ ఓన్లీ’ పెట్టాలి. బాక్సులు కుదించుకుపోయి, ఒక్కోదానికి 300కి 70 పిక్సెళ్ల జాగా సరిపోతుంది. అడ్డంగా 12, నిలువుగా 25 పేరిస్తే 3600కి 1750. ఇందాక పద్నాలుగు తెరలంత ఉన్న బొమ్మ ఇప్పుడు మూడు తెరల్లోకి వచ్చింది. ఒక జాగ్రత్త ఉంది. కొలాప్స్ చేసినంత మాత్రాన బాక్సులు దగ్గరకు జరగవు, మధ్యలో ఖాళీ అలాగే ఉండిపోతుంది. ‘లేఅవుట్ డయాగ్రమ్’ నొక్కితేనే సర్దుకుంటాయి. ఆ నొక్కుతో అంతకు ముందు ఎవరైనా చేత్తో ఓపిగ్గా అమర్చినదంతా చెదిరిపోతుంది. అందుకని ఫైల్‌కు కాపీ తీసుకుని, కాపీ మీదే ఆ బటన్ నొక్కండి.

తర్వాత కూడళ్లు వెతకాలి. ఎన్‌ఏడీ జంక్షన్, మద్దిలపాలెం, హనుమంతవాక ఎక్కడున్నాయో తెలిసిన మనిషి ఈ ఊళ్లో దారి తప్పడు. డేటాబేస్‌లోనూ ఎక్కువ టేబుళ్లు వచ్చి కలిసేవి పది, పదిహేనే ఉంటాయి. వాటిని బొమ్మలో కంటితో వెతకనక్కర్లేదు, డేటాబేస్‌నే అడగొచ్చు. మైఎస్‌క్యూఎల్‌లో ఇన్ఫర్మేషన్ స్కీమా కింద కీ కాలమ్ యూసేజ్ అనే పట్టిక ఉంది. అందులో రిఫరెన్స్‌డ్ టేబుల్ నేమ్ ఖాళీగా లేని వరుసలు తీసుకుని, ఆ పేరు మీదే గ్రూప్ చేసి, లెక్కపెట్టి, పెద్ద సంఖ్య పైకి వచ్చేలా పేరిస్తే చాలు. ఎస్‌క్యూఎల్ సర్వర్‌లో ఇదే పని సిస్ ఫారిన్ కీస్ అనే వ్యూ మీద చేయొచ్చు. ఐదు నిమిషాల పని. వచ్చిన జాబితాలో పైనున్న పదిహేను పేర్లు కాగితం మీద రాసుకుని మానిటర్ పక్కన అంటించుకోండి.

ఆ జాబితాలో దాదాపు ప్రతిచోటా యూజర్ల టేబులే మొదట నిలుస్తుంది. కారణం తెలిసిందే. ప్రతి టేబుల్‌లోనూ ఈ వరుసను ఎవరు సృష్టించారు, ఎవరు మార్చారు అనే రెండు కాలమ్‌లు పెడతారు, రెండూ యూజర్ల టేబుల్‌కు ఫారిన్ కీలు, అంటే ఆ టేబుల్‌లోని వరుసను చూపే కాలమ్‌లు. 300 టేబుళ్లకు ఇవే 600 గీతలు. వ్యాపారానికి సంబంధించి ఇవి చెప్పేదేమీ లేదు, కానీ పనికొచ్చే గీతలన్నిటినీ కప్పేస్తాయి. యూజర్ల టేబుల్ బాక్సును డయాగ్రమ్ నుంచి తప్పిస్తే ఆ 600 గీతలూ ఒక్కసారిగా పోతాయి. తెర తేటపడుతుంది. ఊళ్లు, రాష్ట్రాలు, కరెన్సీ, స్టేటస్ కోడ్ లాంటి చిన్న లుకప్ టేబుళ్లను కూడా ఇలాగే పక్కకు తీయాలి. మైఎస్‌క్యూఎల్ వర్క్‌బెంచ్‌లో బాక్సు తీయకుండా గీతను మాత్రమే దాచే వీలుంది. గీత మీద డబుల్ క్లిక్ చేస్తే కింద తెరుచుకునే ఎడిటర్‌లో విజిబిలిటీ సెట్టింగ్స్ ఉంటాయి. గీత పూర్తిగా కనిపించాలా, మధ్యలో తెగి రెండు కొసలే కనిపించాలా, అసలు కనిపించకూడదా అని మూడు దారులిస్తుంది. దూరంగా ఉన్న రెండు బాక్సుల మధ్య సంబంధానికి ఆ రెండోది చాలా బాగుంటుంది.

ఇక్కడ ప్రాణం మీదికి వచ్చే పొరపాటు ఒకటుంది. బాక్సును డయాగ్రమ్ నుంచి తీయడం వేరు, మోడల్ నుంచే తొలగించడం వేరు. ఎంటిటీ ఫ్రేమ్‌వర్క్ డిజైనర్‌లో బాక్సును ఎంచుకుని ఉత్త డిలీట్ మీట నొక్కితే ఆ ఎంటిటీ మోడల్‌లోంచే పోతుంది. దాని మీద ఆధారపడిన కోడ్ కంపైల్ కాదు. బొమ్మలోంచి మాత్రమే తీయాలంటే రైట్ క్లిక్ చేసి ‘రిమూవ్ ఫ్రమ్ డయాగ్రమ్’ ఎంచుకోవాలి. వర్క్‌బెంచ్‌లో దానికి ‘రిమూవ్ ఫిగర్’ అని పేరు. మొదటి వారంలో కొత్తవాళ్లకు ఈ ఒక్క ముక్క చెబితే చాలు, ఎన్నో మధ్యాహ్నాలు మిగులుతాయి.

ఇప్పుడు అసలు పని ఎలా నడుస్తుందో దగ్గరగా చూద్దాం. మన ఊరికి తగ్గట్టు, ఓడరేవులో సరకు లెక్కలు చూసే సాఫ్ట్‌వేర్ ఒకటి ఊహించుకుందాం. ఓడ, ప్రయాణం, బెర్త్, సరకు, పార్టీ (లావాదేవీ చేసే కంపెనీ), ఇన్‌వాయిస్, చెల్లింపు, వీటి చుట్టూ వందల టేబుళ్లు. ఇన్‌వాయిస్ లైన్‌లో ఒక కొత్త ఛార్జీ కలపమని పని వచ్చింది. బొమ్మ మీదికి వెళ్లి వెతకడం మానేయండి. డిజైనర్‌లో ఖాళీ చోట రైట్ క్లిక్ చేసి ‘మోడల్ బ్రౌజర్’ తెరవండి. మోడల్‌లోని ఎంటిటీలన్నీ అందులో చెట్టు కొమ్మల్లా వరుసగా ఉంటాయి, పైన వెతికే గడి ఉంటుంది. అందులో ఇన్‌వాయిస్ అని కొడితే ఆ మాట ఉన్న ఎంటిటీలు, కాలమ్‌లు, సంబంధాలు అన్నీ గుర్తుపెట్టి చూపిస్తుంది. ఇన్‌వాయిస్ లైన్ మీద రైట్ క్లిక్ చేసి దాన్ని బొమ్మలో చూపించమంటే బొమ్మ తనంతట తానే అక్కడికి జరుగుతుంది. అక్కడ ఆ బాక్సును పట్టుకుని సందులు తిరగకండి. మోడల్ బ్రౌజర్‌లో డయాగ్రమ్స్ అనే కొమ్మ మీద రైట్ క్లిక్ చేసి కొత్త డయాగ్రమ్ ఒకటి తెరిచి, ఇన్‌వాయిస్ లైన్‌ను దాంట్లోకి లాగండి. తర్వాత ఆ బాక్సు మీద రైట్ క్లిక్ చేసి ‘ఇంక్లూడ్ రిలేటెడ్’ నొక్కండి. దానితో నేరుగా సంబంధమున్న టేబుళ్లు మాత్రమే వచ్చి చేరతాయి. లుకప్‌లను, యూజర్ల టేబుల్‌ను ఇందాక చెప్పినట్టు తీసేయండి. ఏడెనిమిది బాక్సులు మిగులుతాయి. ఇప్పుడు కాలమ్‌లు తెరిచి చదవండి. ఆ డయాగ్రమ్‌కు బిల్లింగ్, అదనపు ఛార్జీ అని పేరు పెట్టి సేవ్ చేయండి. వచ్చే నెల ఇదే చోట పని పడితే ఇంకొకరికి పనికొస్తుంది.

‘ఇంక్లూడ్ రిలేటెడ్’ను ఎక్కడ నొక్కుతున్నామన్నది ముఖ్యం. ఇన్‌వాయిస్ లైన్ మీద నొక్కితే ఏడెనిమిది వస్తాయి. పార్టీ మాస్టర్ మీద నొక్కితే దాన్ని పట్టుకుని వేలాడే టేబుళ్లన్నీ దిగుతాయి, మళ్లీ మొదటికొస్తాం. మానిటర్ పక్కన అంటించిన పదిహేను పేర్లూ ఇందుకే. ఆ పేర్ల మీద ఈ మీట నొక్కకూడదు. పెద్దాజాలరిపేట ఒడ్డున చిక్కుపడిన వలను విప్పే మనిషిని చూడండి, నడిమికి చెయ్యి పెట్టి లాగడు. అంచు తాడు దొరకబుచ్చుకుని అక్కడి నుంచి వస్తాడు. మోడల్‌లో ఆ అంచు ఎప్పుడూ లావాదేవీ వివరాలుండే టేబులే.

ఈ పలు డయాగ్రమ్‌ల సదుపాయం విజువల్ స్టూడియో 2012తో వచ్చింది. అంతకు ముందు ఒక మోడల్‌కు ఒకటే బొమ్మ. పాత ప్రాజెక్టులు ఇప్పటికీ ఒకే బొమ్మతో నడుస్తున్నాయంటే ఆనాడు పడిన అలవాటే కారణం, పనిముట్టులో లోపం లేదు. వాటిని ఇవాళే విడదీయొచ్చు. కొన్ని బాక్సులు కంట్రోల్ మీటతో ఎంచుకుని, రైట్ క్లిక్ చేసి ‘మూవ్ టు న్యూ డయాగ్రమ్’ అంటే అవి కొత్త బొమ్మలోకి వెళ్లిపోతాయి. ఒకే టేబుల్ రెండు మూడు బొమ్మల్లో ఉండొచ్చు, ఉండాలి కూడా. ఎంవీపీ కాలనీని సెక్టార్లుగా విడగొట్టినట్టు బిల్లింగ్, సరకు, బెర్త్‌లు, సిబ్బంది అని విభాగాలు చేసి, ఒక్కోదాంట్లో 15 నుంచి 25 టేబుళ్లు దాటకుండా చూడండి. ఇది మా అంచనా. ఆ సంఖ్య దాటితే స్క్రోల్ మళ్లీ మొదలవుతుంది. బాక్సు ప్రాపర్టీస్‌లో ఫిల్ కలర్ మార్చుకునే వీలుంది కాబట్టి విభాగానికో రంగు పెట్టుకుంటే పక్క విభాగం నుంచి వచ్చిన టేబుల్ ఏదో చూడగానే తెలుస్తుంది.

స్క్రోల్ తప్పని సమయాలకు రెండు చిట్కాలు. కంట్రోల్ మీట పట్టుకుని మౌస్ చక్రం తిప్పితే జూమ్ మారుతుంది. కింద కుడి మూల, రెండు స్క్రోల్ బార్లు కలిసే చోట చిన్న గుర్తు ఉంటుంది, దాని పేరు థంబ్‌నెయిల్ వ్యూ. దాన్ని నొక్కి పట్టుకుంటే బొమ్మ మొత్తం చిన్న కిటికీలో కనిపిస్తుంది, అందులో చట్రాన్ని జరుపుతూ కావలసిన చోట వదలొచ్చు. ఏళ్ల తరబడి ఈ డిజైనర్ వాడినవాళ్లలో కూడా ఆ గుర్తును గమనించనివాళ్లు ఎందరో. వర్క్‌బెంచ్‌లో ఇదే పని బర్డ్స్ ఐ అనే పేరుతో పక్క ప్యానెల్‌లో ఎప్పుడూ కనిపిస్తూనే ఉంటుంది.

వర్క్‌బెంచ్ వాడే పిల్లలు ఇంకో సంగతి గుర్తుపెట్టుకోవాలి. ఉన్న డేటాబేస్‌ను బొమ్మగా మార్చే రివర్స్ ఇంజినీర్ పనిలో, దించిన టేబుళ్లను డయాగ్రమ్ మీద పెట్టాలా అని ఒక టిక్ ఉంటుంది. 250 టేబుళ్లు దాటిన డేటాబేస్‌కు ఆ టిక్ తీసేయాలి. లేకపోతే బొమ్మ మీద పెట్టే పని మధ్యలో ఆగిపోయే ప్రమాదముంది. టిక్ తీసినా టేబుళ్లన్నీ పక్కనున్న క్యాటలాగ్ చెట్టులోకి వస్తాయి, కావలసినవి మాత్రం అక్కడి నుంచి లాక్కోవచ్చు. బొమ్మ కాగితం నిండిపోయి బాక్సులు ఒకదాని మీద ఒకటి ఎక్కుతుంటే మోడల్ మెనూలో డయాగ్రమ్ ప్రాపర్టీస్ అండ్ సైజ్‌కు వెళ్లి పేజీల సంఖ్య పెంచాలి. ఇక గుర్తులు. పసుపు తాళంచెవి ప్రైమరీ కీ, అంటే ఒక్కో వరుసను విడిగా గుర్తించే కాలమ్. ఎర్ర వజ్రం ఫారిన్ కీ. వజ్రం నిండుగా ఉంటే ఆ కాలమ్ ఖాళీగా ఉండకూడదు, బోలుగా ఉంటే ఉండొచ్చు. బోలు ఎర్ర వజ్రం కనిపించిన చోట ఇన్నర్ జాయిన్ రాస్తే ఆ ఫారిన్ కీ ఖాళీగా ఉన్న వరుసలన్నీ రిపోర్టులోంచి మాయమవుతాయి. వాటిని కూడా ఉంచే లెఫ్ట్ జాయిన్ కావాలి. నిండు గీత అంటే పిల్ల టేబుల్ ప్రైమరీ కీలో తల్లి కీ భాగమైందని, చుక్కల గీత అంటే కాలేదని. కాకి పాదం లాంటి మూడు వేళ్ల గుర్తు ఎటువైపుంటే అటు ఎక్కువ వరుసలున్నట్టు.

ఇంతవరకు బొమ్మలో ఉన్నదాని సంగతి. బొమ్మలో లేనిది ఇంకా ముఖ్యం. దాన్ని ఏ పాఠంలోనూ చెప్పడం లేదు, మా బాధంతా అదే.

ఎంటిటీ ఫ్రేమ్‌వర్క్‌లో రెండు ఫారిన్ కీలు తప్ప మరేమీ లేని లింకు టేబుల్ బాక్సుగా రాదు. రెండు కొసలా నక్షత్రం గుర్తున్న గీతగా మారిపోతుంది. డేటాబేస్‌లో ఉన్న టేబుల్ మోడల్‌లో లేదేమిటని వెతికేవాళ్లు మోడల్ బ్రౌజర్‌లో కింది భాగం, స్టోర్ అనే కొమ్మ తెరిచి చూడాలి, అక్కడుంటుంది. ప్రైమరీ కీ లేని టేబుల్‌కు డిజైనర్ తానే ఒక కీని ఊహించి, చదవడానికి మాత్రమే పనికొచ్చేలా పెడుతుంది, ఊహించలేకపోతే వదిలేస్తుంది. మోడల్ తయారుచేసేటప్పుడు బహువచనం పేర్లను ఏకవచనం చేసే టిక్ పెట్టి ఉంటే ఇన్‌వాయిసెస్ అనే టేబుల్ ఇన్‌వాయిస్ అనే ఎంటిటీ అవుతుంది. పూర్తి పేరు కొట్టి వెతికితే ఎంటిటీ దొరకదు. పేరు మొదటి నాలుగైదు అక్షరాలే కొట్టండి.

అన్నిటికన్నా పెద్ద చిక్కు, డేటాబేస్‌లో ఫారిన్ కీలే ప్రకటించకపోవడం. గీతలు ప్రకటించిన ఫారిన్ కీల నుంచే పుడతాయి. ప్రకటించకపోతే 300 బాక్సులు దేనికది ఒంటరిగా నిలబడతాయి. మైఎస్‌క్యూఎల్‌లో పాత మైఐశామ్ అనే నిల్వ పద్ధతిలోని టేబుళ్లు ఫారిన్ కీని పట్టించుకునేవి కావు. 5.5 వెర్షన్ నుంచి, ఫారిన్ కీని పాటించే ఇన్నోడీబీ పద్ధతి డిఫాల్ట్ అయింది కానీ అంతకు ముందు నాటి డేటాబేస్‌లు ఇంకా నడుస్తున్నాయి. వెబ్‌సైట్లు నడిపే వర్డ్‌ప్రెస్ పన్నెండు టేబుళ్లలో ఒక్క ఫారిన్ కీ కూడా ఉండదు. ఎన్నో కాలేజీలు ఆన్‌లైన్ పాఠాలకు వాడే మూడుల్‌లో వందల టేబుళ్లున్నాయి. వాటి సంబంధాలు సోర్స్ కోడ్‌లోని ఇన్‌స్టాల్ ఎక్స్‌ఎంఎల్ ఫైళ్లలో రాసి ఉంటాయి, డేటాబేస్‌లో మాత్రం ఫారిన్ కీలుగా పెట్టరు. దాన్ని రివర్స్ ఇంజినీర్ చేసి చూస్తే గీతలే లేని బొమ్మ వస్తుంది.

అలాంటప్పుడు పేర్లే ఆధారం. ఇన్ఫర్మేషన్ స్కీమాలో కాలమ్స్ పట్టిక ఉంది. అందులో పేరు చివర ఐడీ అని ఉన్న కాలమ్‌లన్నీ తీసి, ఏ పేరు ఏయే టేబుళ్లలో ఉందో చూస్తే సంబంధాలు చాలావరకు తేలతాయి. స్కీమాస్పై అనే ఉచిత పనిముట్టు ఈ ఊహను తానే చేస్తుంది. కాలమ్ పేరు, రకం మరో టేబుల్ ప్రైమరీ కీతో సరిపోలితే ఇది సంబంధం కావచ్చని విడిగా చూపిస్తుంది. దానికి జావా, ఆ డేటాబేస్ జేడీబీసీ డ్రైవర్ (జావాను డేటాబేస్‌తో కలిపేది), బొమ్మలు గీయడానికి గ్రాఫ్‌విజ్ ఉంటే సరి. ప్రతి టేబుల్‌కు ఒక హెచ్‌టీఎంఎల్ పేజీ తయారుచేసి, ఆ టేబుల్‌కు ఒక్క అడుగు దూరంలో ఉన్నవి, రెండు అడుగుల దూరంలో ఉన్నవి అని చిన్న బొమ్మలు వేస్తుంది. ఒక్కో పేరు మీద క్లిక్ చేస్తూ టేబుల్ నుంచి టేబుల్‌కు నడవొచ్చు. పెద్ద మోడల్‌లో తిరగడానికి ఇంతకు మించిన దారి మాకు కనిపించలేదు. డీబీవర్ అనే డేటాబేస్ పనిముట్టు వాడేవాళ్లు డేటాబేస్‌ను ముట్టుకోకుండా తమ దగ్గరే వర్చువల్ ఫారిన్ కీలు పెట్టుకుని గీతలు రప్పించుకోవచ్చు.

పేర్ల దగ్గరే ఇంకో మాట. పాత డేటాబేస్‌ల పేర్లు పొట్టివి. ఎంఎస్‌టీ అంటే మాస్టర్, హెచ్‌డీఆర్ అంటే హెడర్, డీటీఎల్ అంటే డిటైల్, టీఎక్స్‌ఎన్ అంటే లావాదేవీ, హెచ్‌ఎస్‌టీ అంటే హిస్టరీ. హెచ్‌ఎస్‌టీ తోక ఉన్న టేబుళ్లు అసలు టేబుల్‌కు నకళ్లు. వాటిని మొదటి రోజే పక్కన పెట్టేస్తే చాలాచోట్ల బాక్సుల సంఖ్య బాగా పడిపోతుంది. ప్రతి టీమూ ఇలాంటి పొట్టి పేర్ల పట్టిక ఒక పేజీ రాసి పెట్టుకుంటే కొత్తవాళ్లకు కొండంత అండ.

ట్రిగ్గర్లు, స్టోర్డ్ ప్రొసీజర్లు (డేటాబేస్‌లోనే ఉంచే ప్రోగ్రాములు) చేసే పని ఈఆర్ బొమ్మలో గీతలుగా రాదు. ఒక టేబుల్‌లో వరుస చేరితే ఇంకో టేబుల్‌లో నిల్వ మారే ఏర్పాటు ట్రిగ్గర్‌లో ఉంటే ఆ రెండింటి మధ్య గీత ఉండదు. టేబుల్ మార్చే ముందు దాని పేరుతో ప్రొసీజర్ల కోడ్‌లో కూడా వెతకాలి. ఎస్‌క్యూఎల్ సర్వర్‌లో టేబుల్ మీద రైట్ క్లిక్ చేస్తే ‘వ్యూ డిపెండెన్సీస్’ ఉంటుంది. కోడ్‌లో స్ట్రింగ్‌గా కూర్చిన క్వెరీలను అది పట్టుకోలేదు, కాబట్టి ప్రాజెక్టు ఫోల్డర్ మొత్తంలో పేరు వెతకడం తప్పదు.

టీమ్‌గా పనిచేసేవాళ్లకు ఇంకో తలనొప్పి వెర్షన్ కంట్రోల్, అంటే ఫైళ్లలో ఎవరు ఏం మార్చారో నమోదు చేసే ఏర్పాటు. ఎంటిటీ ఫ్రేమ్‌వర్క్ మోడల్ ఉండే ఈడీఎంఎక్స్ ఫైల్ లోపలంతా ఎక్స్‌ఎంఎల్. పాత పద్ధతిలో బాక్సు ఎక్కడుందన్న వివరం కూడా అదే ఫైల్‌లో ఉండేది. ఇద్దరు చెరో బాక్సు జరిపినా ఇద్దరి మార్పులూ కలవని మెర్జ్ కాన్‌ఫ్లిక్ట్ వచ్చేది. 2012 నుంచి బొమ్మల వివరాలు విడి డయాగ్రమ్ ఫైల్‌లోకి వెళ్తున్నాయి. అందులో కాన్‌ఫ్లిక్ట్ వస్తే బాక్సుల అమరిక ఒకరిది పోతుంది, మోడల్‌కు ఏమీ కాదు. డేటాబేస్ నుంచి మోడల్‌ను అప్‌డేట్ చేసినప్పుడు జరిగే తప్పు వేరు. డేటాబేస్‌లో కాలమ్ పేరు మార్చి అప్‌డేట్ నొక్కితే కొత్త పేరు వచ్చి చేరుతుంది, పాత పేరు అలాగే మిగిలిపోతుంది. అప్పుడే 11009 అనే ఎర్రర్ వస్తుంది. ఆ ప్రాపర్టీకి, అంటే మోడల్‌లోని ఆ కాలమ్‌కు, మ్యాపింగ్ లేదని దాని భావం. పాత ప్రాపర్టీని చేత్తో తీసేయాలి. కొత్తగా మొదలుపెట్టే ప్రాజెక్టుల్లో ఎంటిటీ ఫ్రేమ్‌వర్క్ కొత్త రూపమైన ఈఎఫ్ కోర్ వాడతారు, అది ఈడీఎంఎక్స్‌ను వాడదు, టేబుళ్ల నుంచి నేరుగా క్లాసులు రాసిస్తుంది. అక్కడ బొమ్మ కావాలంటే పైన చెప్పిన బయటి పనిముట్లే దిక్కు.

బొమ్మ నుంచి డేటాబేస్‌లోకి రాసే దిశలో మరీ జాగ్రత్తగా ఉండాలి. వర్క్‌బెంచ్ ఫార్వర్డ్ ఇంజినీర్‌లో ప్రతి టేబుల్ సృష్టించే ముందు ఉన్నదాన్ని డ్రాప్ చేయమనే టిక్ ఉంది. అది పెట్టి నడిపితే డేటా మిగలదు. నేర్చుకునేవాళ్లకు అసలు డేటాబేస్ పాస్‌వర్డ్ ఇవ్వకండి. డేటా లేకుండా టేబుళ్ల నిర్మాణం మాత్రమే ఉన్న డంప్ తీసి ఇవ్వండి. మైఎస్‌క్యూఎల్ డంప్ కమాండ్‌కు నో డేటా అనే ఆప్షన్ జోడిస్తే అదే వస్తుంది. బొమ్మ చదవడానికి అంతకు మించి ఏమీ అక్కర్లేదు, ఎవరి సమాచారమూ బయటికి పోదు.

కాలేజీలకు మా విన్నపం ఇది. డీబీఎంఎస్ ల్యాబ్‌లో ఉన్న గీసే పని అలాగే ఉంచండి. దానికి తోడు రెండు వారాలు చదివే పనికి ఇవ్వండి. మొదటి వారం మైక్రోసాఫ్ట్ ఉచితంగా ఇచ్చే అడ్వెంచర్ వర్క్స్ డేటాబేస్ తీసుకోవచ్చు. దాదాపు 70 టేబుళ్లు, సిబ్బంది, వ్యక్తులు, ఉత్పత్తి, కొనుగోళ్లు, అమ్మకాలు అని ఐదు స్కీమాలు (టేబుళ్ల గుంపులు), ఫారిన్ కీలన్నీ సరిగా ఉంటాయి. ఒక అమ్మకం ఆర్డర్ నుంచి ఆ వస్తువు విభాగం దాకా దారి కనుక్కుని, దారిలోని ప్రతి టేబుల్ పేరు, ప్రతి కాకి పాదం దిశ రాయమనండి. రెండో వారం మూడుల్. కాలేజీ సర్వర్‌లోని డేటా అక్కర్లేదు, సోర్స్ కోడ్ ఉచితమే కాబట్టి ఖాళీగా ఇన్‌స్టాల్ చేయొచ్చు. గీతల్లేని ఆ బొమ్మలో ఒక విద్యార్థికి ఒక కోర్సులో వచ్చిన మార్కు ఏయే టేబుళ్ల మీదుగా దొరుకుతుందో వెతకమనండి. పరీక్షలో ఐదారు బాక్సులు గీయమనే ప్రశ్నతో పాటు, 40 బాక్సుల బొమ్మ అచ్చువేసి ఇచ్చి జాయిన్ రాయమనే ప్రశ్న ఒకటి చేర్చండి.

ఆఫీసుల్లోని సీనియర్లను కోరేది కూడా ఒకటుంది. కొత్తగా చేరిన పిల్లల చేతికి మొత్తం మోడల్ ఇచ్చే ముందు, వాళ్లు పనిచేయబోయే విభాగం డయాగ్రమ్ ఒకటి విడదీసి, పదిహేను కూడళ్ల పేర్లు, పొట్టి పేర్ల పట్టిక దానికి జతచేసి ఇవ్వండి. పూర్తిగా తయారుచేయడానికి ఒక పూట పడుతుంది, ఆ తర్వాత చేరే ప్రతి ఒక్కరికీ అదే పనికొస్తుంది. టేబుల్ చేర్చిన రోజే దాన్ని ఏదో ఒక విభాగం డయాగ్రమ్‌లో పెట్టే బాధ్యత ఆ టేబుల్ రాసినవాళ్లదేనని టీమ్‌లో ముందే అనుకోండి.

ఇట్లు,
డేటాబేస్ పనిలో ఉన్న కొందరు ఇంజినీర్లు,
మధురవాడ, విశాఖపట్నం